అండక్క గొంతు

మా చెల్లెలి గురించి రాసివ్వమని సినిమా సంఘం కుర్రాళ్లు మా ఇంటికి వచ్చారు. ఆమె గొంతు ఇచ్చిన పాత సినిమాని వాళ్లు మళ్లీ ఆడించారట, హాలు నిండిపోయిందట. "నిన్న తీసినట్టుంది తాతయ్యా" అన్నారు. నిన్న తీసినట్టుంటే సినిమాకి గొప్పే, మన బతుకులకే సిగ్గు. ఆమె తన నోటితో చెప్పే వీలు లేదు కనుక నేను రాస్తున్నాను. నాకిది కొత్త కాదు. ఊరి బడిలో ఐదో తరగతితో చదువు ఆగినా, నేను పద్యం ఎత్తుకుంటే చివరి వరుసలో కునికేవాడు కూడా లేచి కూర్చునేవాడు. వందకు పైగా నాటకాలాడాను. రాజు వేషానికీ రాణి వేషానికీ కూడా బహుమతి అందుకున్నవాణ్ణి ఈ చుట్టుపక్కల నేనొక్కణ్ణే. మా వీధికి మంచినీటి గొట్టం వేయించిందీ నేనే. చెల్లెలికి పలుకు నేర్పిందీ నేనే. ఒత్తు మింగిందంటే చెవి మెలిపెట్టేవాణ్ణి.

ఆమె టెలిఫోన్ ఎక్స్ఛేంజీలో ఆపరేటరు. పొద్దుటినుంచి సాయంత్రం దాకా "ఆగండి, కలుపుతున్నానండి, లైను దొరకడం లేదండి" అనడమే పని. సెలవుల్లో సినిమాలకు డబ్బింగ్ చెప్పేది. ఏడ్చే తల్లి, గుంపులో అరిచే ఆడది, పక్కింటి గయ్యాళి, ఇలాంటివి. పేరు తెర మీద పడేది కాదు.

ఆ సినిమా నవ్వులాటే, కానీ అరటిపండులో ముల్లు పెట్టినట్టు ఉంటుంది. ఒక పట్నంలో ఆఫీసులన్నీ ఎత్తేసి, అన్ని పనులకీ ఒకే యంత్రాన్ని పెడతారు. ఇల్లు అంటుకున్న ఒక బట్టల కొట్టు గుమాస్తా, మంటలార్పే బండి కోసం దాని ముందు నిలబడతాడు. ఆ యంత్రానికి గొంతు మా చెల్లెలిది. కాగితం మీద మాటలన్నీ కటువుగా ఉన్నాయి. ఆగు, వరుసలో నిలబడు, నోరు మూసుకో. ఎంత బిగబట్టినా ఆమె నోట చివర "అండి" వచ్చి పడేది. అలవాటు మరి. "నోరు మూసుకోండి" అందట, అదీ ఎంతో మర్యాదగా. రీళ్లు వృథా అవుతున్నాయని దర్శకుడు తల పట్టుకున్నాడు. అద్దం అవతల సౌండు ఇంజనీరు పొట్ట పట్టుకుని నవ్వడం చూశాక, కాగితం పక్కన పడేసి, "అలాగే కానివ్వమ్మా, తిట్టేదాన్ని తిరిగి తిట్టొచ్చు, అండి అనేదాన్ని ఏం చేస్తాం?" అన్నాడట.

అలా పుట్టాయి ఆ మాటలు. "మీ ఇల్లు కాలుతున్నందుకు విచారిస్తున్నామండి. మంట చిన్నదైతే చిన్న అనండి, పెద్దదైతే పెద్ద అనండి." గుమాస్తా పెద్ద, పెద్ద అని గొంతు చించుకుంటాడు. అర్థం కాలేదు, మళ్లీ చెప్పండి అంటుంది యంత్రం. ఇల్లంతా బూడిదయ్యాక, "మంట ఇప్పుడు చిన్నదైందండి, సంతోషం" అంటుంది. హాలు విరగబడి నవ్వింది. నేను పక్కవాళ్లకి అది మా చెల్లెలని చెప్పి మరీ నవ్వాను.

అప్పటినుంచి ఆమె అసలు పేరు పోయి, వీధి మొత్తానికి అండక్క అయింది. భర్త తొందరగా పోయాడు. ఉన్న ఒక్క కూతురికీ అండ ఆ గొంతే. ఎక్స్ఛేంజీ మూసేస్తే బస్టాండులో మైకు ముందు కూర్చుని వచ్చే బస్సు, పోయే బస్సు చెప్పింది. ఆ పని కూడా పోయాక పిల్లలకి పలుకు నేర్పింది. నాలా చెవులు మెలిపెట్టలేదు, అందుకే పిల్లలు ఎక్కువమంది వచ్చారు.

ఒక చలికాలం ఆమె గొంతు బొంగురుపోయింది. జలుబనుకున్నాం. తగ్గలేదు. వీధి చివరి డాక్టరు చూసి, లోపల గడ్డ ఉంది, త్వరగా పెద్దాసుపత్రికి వెళ్తే అంతవరకే తీస్తారు, మాట నిలుస్తుంది, ఆలస్యమైతే స్వరపేటిక మొత్తం తీసేయాల్సి వస్తుంది అన్నాడు.

పెద్దాసుపత్రిలో తారీఖు ఇచ్చేది ఫోనే. ఫోన్లో యంత్రం. రోగి తన పేరు తనే పలకాలి. ఆమె పలికింది. "క్షమించండి, మీ మాట అర్థం కాలేదండి, మళ్లీ చెప్పండి." మళ్లీ పలికింది. మళ్లీ అదే. నేను లాక్కుని నా రాణి వేషం గొంతుతో పలికాను. నాకూ క్షమాపణ చెప్పింది. మా మేనకోడలు ఆఫీసు మానేసి రోజూ ప్రయత్నించింది. పిల్ల ఏడుస్తుంటే తల్లి మాత్రం, "పాపం, దాని తప్పేముంది, నాకంటే మర్యాదగా చెబుతోంది" అని నవ్వబోయి దగ్గింది.

ఇలా కాదని ఆసుపత్రికే వెళ్లాం. కౌంటరు దగ్గర అమ్మాయి మంచిదే, అమ్మా అనే పిలిచింది. తారీఖు మాత్రం ఫోన్లోనే తీసుకోవాలంది. ఇదీ సంగతి, ఈవిడ గొంతు ఆ సినిమాలో వినే ఉంటావు అని నేను కాస్త గర్వంగానే చెప్పాను. ఆ పిల్ల మొహం వెలిగిపోయింది. వాళ్ల నాన్నకి ఆ సినిమా ప్రాణమట, ఇంట్లో ఎవరు ఏం అడిగినా "చిన్న అనండి, పెద్ద అనండి" అంటాడట. కౌంటరు బయటికి వచ్చి మా చెల్లెలి పక్కన నిలబడి ఫొటో తీసుకుంది. తర్వాత లోపలికి వెళ్లి, "నా చేతిలో ఏమీ లేదమ్మా, ఫోన్ చేస్తూ ఉండండి" అంది. సినిమా చూసి నవ్వినవాళ్లే ఇవాళ అన్ని కౌంటర్లలోనూ కూర్చున్నారు. అందులో నావాళ్లూ ఉన్నారు, నీవాళ్లూ ఉన్నారు.

ఆఖరికి మా మేనకోడలు పెద్ద డాక్టరు గది ముందు బైఠాయించింది. గార్డు లేపినా లేవలేదు. ఆయన భోజనానికి బయటికి వచ్చినప్పుడు కాగితాలు చేతిలో పెట్టింది. ఆయన నిలబడే చదివి, వెంటనే తీసుకురమ్మన్నాడు. పరీక్షలు చేశాక మమ్మల్ని కూర్చోబెట్టి, ముందే రావాల్సింది, ఇప్పుడు మొత్తం తీయక తప్పదు అన్నాడు. ఎందుకు రాలేదని అడిగాడు. చెప్పాం. తల దించుకున్నాడు.

ఆపరేషన్ రోజు పొద్దున కూతురు ఫోన్ పట్టుకుని, ఏదైనా మాట్లాడమ్మా, దాచుకుంటా అంది. సినిమా మాటలు చెబుతుందేమో అనుకున్నాను. ఆమె, "నీళ్ల మోటారు కట్టేశావా?" అంది. కట్టేశానంది పిల్ల. "పెరటి తలుపు?" వేశానంది. "ఉతికిన బట్టలు?" పిల్ల ఫోన్ కిందపెట్టి తల్లి చెయ్యి పట్టుకుంది.

నావైపు తిరిగింది. బొంగురు గొంతుతో మెల్లగా, "చిన్నప్పటినుంచీ నా వంతు కూడా నువ్వే మాట్లాడావు అన్నయ్యా. ఇప్పుడు నువ్వు కొత్తగా నేర్చుకోవాల్సిందేం లేదులే" అంది.

నర్సు స్ట్రెచర్ తెచ్చింది. చేతికి కట్టిన చీటీ చూసి, సరిచూసుకోవాలి, మీ పేరు చెప్పండమ్మా అంది. మా చెల్లెలు చెప్పింది. గాలే వచ్చింది.

నర్సుకి వినపడలేదు. విసుక్కోలేదు. బండి ఆపి, వంగి, చెవి తెచ్చి ఆమె పెదాల దగ్గర పెట్టింది. మా చెల్లెలు మళ్లీ చెప్పింది. నర్సు ఆ పేరుని పైకి పలికి, "సరిగ్గా విన్నానా అమ్మా?" అని అడిగింది.

ఆమె తల ఊపింది.