బుడగలు లేని సినిమా

మా చెల్లెల్ని పత్రికలు ఇప్పటికీ "సముద్రం అడుగున సినిమా తీసిన తొలి మహిళగా చెప్పుకుంటారు" అని రాస్తాయి. చెప్పుకోవడమేమిటి? ఆ పత్రికల కత్తిరింపులన్నీ తేదీలవారీగా నా బీరువాలో ఉన్నాయి. తీసినప్పుడల్లా ఒళ్ళు మండుతుంది.

అసలు అనుమానమన్నది మా వంటింట్లోనే పుట్టింది. కెమెరాకు చేయించుకున్న రేకు పెట్టెలోకి నీరు చొరబడకుండా చెల్లెలు కుక్కర్ గాస్కెట్టు బిగించేది.

"మళ్ళీ మాయం! ఈ ఇంట్లో దొంగ ఉన్నాడు," అని అమ్మ నా వంక చూసేది.

"నన్ను చూస్తావేం? తలారబెట్టుకుంటున్న నీ కూతుర్ని అడుగు."

"ఇంటిల్లిపాదీ పస్తులుండి చేపలకు ఫోటోలు తీయించాలా తల్లీ?" అని అమ్మ చెల్లెలి వైపు తిరిగేది.

గాలి సిలిండరు మాత్రం ఆమె ముట్టేది కాదు. బుడగల చప్పుడుకు జీవాలు బెదిరిపోతాయని, ఊపిరి బిగబట్టి దిగి, తీయగలిగినంత తీసి పైకి తేలేది. ఒక వేసవంతా అలాగే, రాతి సందులో తిండి మానేసి గుడ్లకు కాపలా కాస్తున్న ఆక్టోపస్ తల్లిని చిత్రించింది.

ఆ చిత్రాన్ని సముద్ర పరిశోధన సంస్థలో వేశారు. చిత్రం అసలైనదేనని సంస్థవాళ్ళు ఒప్పుకుంటే దూరపు పగడపు దిబ్బలకు వెళ్ళే ఓడలో ఆమెకు చోటిస్తారు. ఆమె కోరుకున్నదల్లా అదే. ఆ చోటు సంస్థ డైరెక్టరు తన మేనల్లుడి కోసం దాచాడని నాకు అప్పుడూ అనుమానమే, ఇప్పుడూ అనుమానమే.

దీపాలు వెలిగాక ఆయన కళ్ళజోడు తుడుచుకుంటూ, "బుడగ ఒక్కటీ లేదేమమ్మా? నీళ్ళలో మీరు ఊపిరి తీసుకోరా?" అన్నాడు.

"తీసుకోనండి."

హాలంతా ఘొల్లుమంది. ఆయన అక్కడితో ఆగలేదు. "గాజు తొట్టి ముందు కూర్చుని తీశానని చెప్పేస్తే పోయేదిగా! పైగా ప్రతి షాటు చివరా బొమ్మ వణుకుతోంది. స్టాండు కూడా దొరకలేదా?"

నేను లేవబోతే చెల్లెలు నా చొక్కా పట్టి లాగింది. "కూర్చో అన్నయ్యా, నువ్వు అరిస్తే నేనింకా ఎక్కని ఓడ కూడా మునిగిపోతుంది."

సినిమా మళ్ళీ వేయించింది. "షాటు మొదలవగానే మీరూ ఊపిరి బిగబట్టండి సార్. బొమ్మ వణికేదాకా వదలొద్దు."

ఆయన బుగ్గలు ఉబ్బాయి, ముఖం కందింది. తెర మీద ఆక్టోపస్ నింపాదిగా గుడ్ల మీదికి నీళ్ళు చిమ్ముతూనే ఉంది. బొమ్మ వణకడానికి చాలా ముందే ఆయన గుప్పున ఊపిరి వదిలి బల్ల పట్టుకున్నాడు.

"ఆ వణుకు నాదండి. అక్కడికొచ్చేసరికి ఒళ్ళు గాలి కోసం కొట్టుకుంటుంది," అంది చెల్లెలు.

ఈసారి ఎవరూ నవ్వలేదు. ఓడలో చోటు దొరికింది. అయినా అనుమతి పత్రంలో "చిత్రం అసలైనదిగా కనిపిస్తున్నది" అనే రాశారు. ఆ పత్రమూ నా దగ్గరుంది.

బయలుదేరే రోజున అమ్మ చెల్లెలి సామాను తనిఖీ చేసింది. రేకు పెట్టె తెరిచి, గాస్కెట్టు వేళ్ళతో నలిపి చూసింది.

"ఇది నాదేగా?"

"నీదేనమ్మా."

"అరిగిపోయింది. లోపలికి నీళ్ళొస్తాయి."

లోపలికి వెళ్ళి, కుక్కర్ మూతకున్న కొత్తది ఊడదీసుకొచ్చి చేతిలో పెట్టింది. "నువ్వే తిరిగి తెచ్చివ్వాలి. ఇంకెవరితోనూ పంపకు. నాకు నీ మీద నమ్మకం లేదు."