ఆమె ఫోన్‌కు కొత్త సిస్టమ్

చనిపోయిన నా భార్య ఫోన్ బాగా నెమ్మదించింది. ఈ సాయంత్రం సాల్ట్ లేక్‌లో మా పక్క ఫ్లాట్ శ్రావణి అందులో కొత్త ఆపరేటింగ్ సిస్టమ్ ఎక్కిస్తానంది. కంపెనీ ఇచ్చింది కాదు, ఎవరో తయారుచేసింది.

“ఈ మోడల్‌కు సరిపోతుందా అమ్మా?”

“వేరే మోడల్‌ది అంకుల్. ఎక్కితే మస్తుంటది. ఎక్కకుంటే ఫోన్ ఇగ ఆన్ కాదు. లోపలున్నవి ఎట్లయినా పోతయి.”

అంతలో ఆ ఫోన్‌లోనే అయిదింటి అలారం మోగింది. నన్ను మధ్యాహ్నపు కునుకు నుంచి లేపడానికి నా భార్య తన గొంతుతోనే రికార్డు చేసి పెట్టింది.

“ఇంకా లెగనేదేటండీ? టీ సల్లారిపోతంది!”

శ్రావణి ఫోన్‌కు తగిలించిన కేబుల్ తీసేసింది.

ఫోన్ నెమ్మదిగానే తెరుచుకుంటుంది. ఆలోగా నేను టీ పెట్టుకుంటాను. మీ ఇంట్లోనూ ఉందా, ఇలా మార్చడానికి మనసొప్పని ఫోన్?