ఎడం పక్క పలకలు

మా ఊళ్లో ఎవరింట గొడవొచ్చినా ఇప్పుడు నా గుమ్మంలోకి వస్తారు. "అప్పా, నువ్వు ఉపాయం తెలిసినదానివి, సెప్పు" అంటారు. మా వైపు అప్ప అంటే అక్క. ఉపాయం తెలిసిన మనిషి నేను కాదు, మా అత్త. ఆవిడ ఉపాయం ఎలా గెలిచిందో, ఆ గెలుపే మమ్మల్ని ఎలా ముంచిందో నేను కళ్లారా చూశాను. ముసలితనంలో అక్షరాలు నేర్చుకున్నాను కాబట్టి నేనే రాస్తున్నాను. తప్పులుంటే సరిచేసుకుని చదువుకోండి. దిద్దే ఓపిక నాకు లేదు.

ఒడిశాలో ఆర్యపల్లి ఒడ్డున మాది కుట్టుపడవ. ఇనప మేకు అన్నదే ఉండదు. పలకల అంచుల్లో చిల్లులు పొడిచి, సందులో గడ్డి కూరి, కొబ్బరి తాడుతో కుడతారు. ఒడ్డున విరిగే అల మేకుల పడవని చీల్చేస్తుంది. కుట్టుపడవ ఒళ్లు వంచి దాటిపోతుంది. వానల్లో సముద్రం మంచిది కానప్పుడు కుట్టు విప్పి పలకలు ఇంట్లో పేర్చుకుంటారు, దసరా ముందు మళ్లీ కుట్టుకుంటారు. మా ఇంటాయన తండేలు, వెనక తెడ్డు పట్టి పడవ నడిపేవాడు. మరిది వల వదిలేవాడు. మామ పోయిన దగ్గర్నుంచి కొడుకులిద్దరూ ఒక్క పడవలో ఉండాలన్నదే అత్త ప్రాణం.

ఇంజిను బోట్లొచ్చాక గొడవ మొదలైంది. మరిది కుట్టుపడవ మానేసి ఫైబర్ బోటు ఎక్కుదామన్నాడు.

"అయ్య పడవ నా సావు దాకా ఉంటాది" అన్నాడు ఈయన.

"నీ సావెప్పుడో సెప్పు, అందాకా ఆగుతాను."

దాంతో తెడ్డు లేచింది. మరిది నుదురు చిట్లింది. కోపమొస్తే అతని నోట ఒడియా వచ్చేది. "హెలా, ఆఉ నాహీ!" అని అరిచాడు. అయిపోయింది, ఇంక లేదు అని.

అత్త ఎవర్నీ తిట్టలేదు. కులపెద్దల దగ్గరికీ వెళ్లలేదు. ఇసక మీద ఎండు చేపలు తిరగేస్తూ కూర్చుంది.

"ఏటత్తా, నోరిప్పవు?" అన్నాను.

"అల మీదికొస్తన్నప్పుడు పడవ తొయ్యకూడదే. ఇరిగి ఎనక్కెల్లనీ."

వానలకి పడవ కుట్టు విప్పారు. అప్పుడు చెప్పింది ఆవిడ మాట. కుడి పక్క పలకలు పెద్దోడింట ఉండాలి, ఎడం పక్కవి చిన్నోడింట ఉండాలి. ఊరంతా నవ్వింది. "సగం పడవకి సగం సేపలు పడతాయేటి ముసిల్దానా?" అన్నారు. అత్త కూడా నవ్వి, ఇంటికొచ్చాక నాతో అంది: "ఆకలేస్తే ఆల్లే వస్తారు. పలకలు కలవకుండా ఇద్దరికీ గంజి లేదు."

అన్నంత పనీ అయింది. పొరుగు పడవలన్నీ నీళ్లలో పడ్డాక మరిది తన పలకలు మోసుకొచ్చి ఇసక మీద దభీమని పడేశాడు. పడవ కుట్టాలంటే లోపల ఒకడు, బయట ఒకడు ఉండాలి. లోపలివాడు తాడు దూర్చి "లాగు" అంటే బయటివాడు కాలు తన్నిపెట్టి లాగాలి. ముందు ఇద్దరికీ మాటల్లేవు. ఈయన పలక మీద తట్టేవాడు, అతను లాగేవాడు. ఒకచోట కుట్టు వదులైపోతే ఈయనకి తట్టడం చాలక "లాగరా!" అని అరిచాడు. "లాగతన్నాను, సచ్చిపోకు" అన్నాడు మరిది. అత్త కొంగు నోట్లో కుక్కుకుని అటు తిరిగి నవ్వింది. ఆ రోజు ఆవిడ మొహం నాకిప్పటికీ కనిపిస్తుంది.

గెలిచిన ఉపాయాన్ని ఎవరు వదులుకుంటారు? మరుసటి వానలకీ పలకలు అలాగే రెండిళ్లకీ చేరాయి. ఈసారి ఊరు నవ్వలేదు, మెచ్చుకుంది. ఏడిచింది తోడికోడలొక్కతే. నా దగ్గరికొచ్చి, "అప్పా, నిద్దట్లో కూడా తాడు లాగతన్నాడు. అమ్మ నన్నీ పలకలకి కట్టీసింది అంటన్నాడు. అత్తతో నువ్వైనా సెప్పు" అంది. చెప్పాను.

"కట్టకపోతే కొట్టుకుపోడూ?" అంది అత్త.

దసరా దగ్గరకొచ్చిన ఒక పొద్దున్న మరిది ఇంటి మీంచి నల్లపొగ లేచింది. చేపనూనె పట్టిన పాత పలక కాలితే వచ్చే వాసన మాకు చెప్పక్కర్లేదు. అత్త నెత్తిన కొంగైనా లేకుండా పరిగెత్తింది, వెనకే నేనూ పరిగెత్తాను. మరిది పెరట్లో గొడ్డలితో పలకలు చీల్చి గంజికుండ కింద ఎగదోస్తున్నాడు. కళ్లెత్తి తల్లిని చూశాడు.

"ఇంక నన్ను దేంతో కుడతావే అమ్మా?"

మధ్యాహ్నానికి పరదీప్ రేవులో పెద్ద ట్రాలర్ బోట్ల పనికి వెళ్లిపోయాడు. తర్వాత పెళ్లాం పిల్లల్నీ తీసుకుపోయాడు.

నన్ను ఉపాయం అడిగేవాళ్లకి నేను చెప్పేది ఇదొక్కటే. ఎదుటివాడు కోపంగా లేచి వెళ్లిపోవడానికి తోవ ఎటుందో ముందు చూడండి. ఉన్న తోవ మూసెయ్యకండి, మూస్తే గోడ పగలగొట్టుకుని పోతాడు, గోడా మిగలదు. వాళ్లకిది నచ్చదు. ఎదుటివాణ్ణి కట్టెయ్యడమెలాగో చెప్పమంటారు.

ఈయన ఎవరిదో పాడుబడ్డ పడవ పలకలు తెచ్చి ఎడం పక్క అతకబోయాడు. ఒక పడవ చిల్లులు ఇంకో పడవకి కలవవు. అయినా లోపల కూర్చుని తాడు దూర్చి, అలవాటున "లాగు" అన్నాడు. బయట ఎవరూ లేరు. మాలో ఆడది పడవ ముట్టకూడదు. నేనే వెళ్లి కూర్చుని లాగాను. ఆ లాగుడులో బలం లేకపోవడం చూసి ఆయనకి తెలిసిపోయింది నేనని. పలకకి నుదురానించుకుని ఉండిపోయాడు. తిట్టలేదు. తిడితే బాగుండేది. ఆ మర్నాటి నుంచి తండేలు కాస్తా పరాయి పడవలో తెడ్డు వేసే కూలీ అయ్యాడు.

అత్త మంచం పట్టి పోయింది. కర్మకి మరిది వచ్చాడు. అన్నదమ్ములిద్దరూ గుండు చేయించుకుని, తడిబట్టలతో సముద్రం ఒడ్డున పక్కపక్కనే కూర్చున్నారు. అదే కదా ఆవిడ బతుకంతా చూడాలనుకున్నది.

ఈయన చెవిలో అన్నాను. "ఉండిపొమ్మని ఓ మాటనకూడదా?"

ఆయన గొంతు తగ్గించలేదు. పక్కవాడికి వినబడేలాగే అన్నాడు.

"దేని మీదుండమంటావే? సగం పడవ మీదా?"

మరిది విన్నాడు. తడి ఇసక పిడికిట్లోకి తీసుకుని, నీళ్లలోకి వదిలేసి లేచాడు. సాయంత్రం బస్సుకి వెళ్లిపోయాడు.