రఫూ విప్పిన మధ్యాహ్నం

1982 ఏప్రిల్‌లో నన్ను కువైట్‌లో ఫహాహీల్ అనే ఊళ్లోని టైలరింగ్ షాపు నుంచి ఒక విదేశీ సినిమా యూనిట్‌కు కాస్ట్యూమ్ అసిస్టెంట్‌గా పంపారు. నా పైన ఒక ఇంగ్లిషు దొరసాని, కాస్ట్యూమ్ సూపర్‌వైజర్. ఆమె కింద నేనొక్కణ్ణే. రాయచోటిలో పదేళ్లు, కువైట్‌లో నాలుగేళ్లు కత్తెర పట్టినవాణ్ణి. సినిమా బట్టలూ బట్టలే కదా అనుకున్నాను. ఎంత అమాయకత్వం!

ఆ సినిమాలో చమురుబావి ఇంజనీరు వేషం ఒక జపాన్ నటుడిది. యాభై దాటిన మనిషి, ఏ దేశం పిలిచినా పెట్టె సర్దుకుని వెళ్లేవాడు. కొలతలు తీస్తుంటే వచ్చీరాని ఇంగ్లిషులో నవ్వుతూ చెప్పాడు: పరాయి దేశాల్లో పది సినిమాలు చేస్తే ఎనిమిదింటిలో చచ్చిపోయాడట, మిగతా రెండింటిలో విలన్ వెనక నిలబడ్డాడట. ఇందులోనే మొదటిసారి ప్రమాదం నుంచి బయటపడి, నాలుగు మాటలు మాట్లాడతాడు. ఆ సీన్ మీదే ఆయన ఆశంతా.

ఆ సీన్‌లో చొక్కా చిరిగి, మసిబారి ఉండాలి. అలాంటివి మూడు సెట్లు కుట్టడం పద్ధతి. రెండు అప్పటికే మంటల షాట్లలో కాలిపోయాయి. పొద్దున సగం సీన్ తీశాక మూడోది నా చేతికిచ్చి అందరూ భోజనానికి వెళ్లారు. మిగతా సగానికీ ఆ చిరుగు అలాగే ఉండాలని నాకు తట్టలేదు. చిరిగిన బట్టను చూస్తూ కూర్చోవడం నా వల్ల అయ్యే పనా? ఉతికి ఆరేశాను. ఆ ఎండకు ఇట్టే ఆరింది. భుజం మీది చిరుగుకు పోగూ పోగూ కలిపి రఫూ చేశాను. ఇస్త్రీ కూడా చేసి, మెచ్చుకుంటారని ఎదురుచూశాను.

దొరసాని చూసి తల పట్టుకుంది. సగం సీన్‌లో చిరిగి, సగంలో కొత్తగా ఉంటే ఎలా? వెలుతురు తగ్గేలోగా చొక్కా మునుపటిలా కాకపోతే సీనే సినిమాలోంచి తీసేస్తానన్నాడు డైరెక్టర్. మర్నాడే ఆ నటుడి విమానం. యూనిట్ డ్రైవర్, కడప సుబ్బన్న నా దగ్గరికొచ్చి, "ఎంత పని చేస్తివి మస్తాన్ భాయ్! ఇంక నీ ఉద్యోగం ఖలాస్!" అన్నాడు.

నటుడు మాత్రం చొక్కా తిరగేసి చూసి, చిరుగు ఎక్కడుండేదో తనకే కనిపించడం లేదని మెచ్చుకున్నాడు. సిగ్గుతో చచ్చిపోయాను. కంటిన్యుటీ ఫొటో, అంటే ఏ షాట్‌లో ఏది ఎలా ఉందో గుర్తు కోసం తీసేది, తెచ్చి నా ముందు పెట్టాడు. ఇంత బాగా కుట్టినవాడికి విప్పడం రాదా అన్నాడు. సూదిమొనతో ఒక్కో పోగూ లాగాను. ఆయన పక్కనే కూర్చుని, ఇంకొంచెం, ఇంకొంచెం అంటూ ఫొటోతో పోల్చి చూశాడు. సుబ్బన్న లారీ సైలెన్సర్‌లోని మసి గీకి తెచ్చాడు. "యల్లా, తొందరగా కానీ భాయ్, బాగా పుయ్యి! బట్టలు పాడుచేసేదానికి గూడా మీ రాయచోటోళ్లకు నేర్పల్లనా?" అని ఆటపట్టించాడు.

దొరసాని సరిచూసి, కాలరు మీద ఇంకో మరక పెట్టించి, సరేనంది. పొద్దు వాలకముందే రెండో టేక్‌లో సీన్ అయిపోయింది. డైరెక్టర్ ఆ నటుడి చెయ్యి పట్టుకుని ఊపేశాడు. నాకైతే ఎగిరి గంతెయ్యాలనిపించింది.

తర్వాత దేశం తిరిగొచ్చి, ఇరవై రెండేళ్లు మద్రాసు, హైదరాబాదు స్టూడియోల్లో కాస్ట్యూమర్‌గా పనిచేశాను. టైలరు బట్ట బాగుండాలని చూస్తాడు. కాస్ట్యూమర్ అంతకుముందు షాట్‌లో ఎలా ఉందో అలాగే ఉండాలని చూస్తాడు. ఈ తేడా నాకు తెలిసేలోపు ఒక మనిషి పాత్ర పోయేదే. అందుకే రిటైరయ్యేదాకా, అడగకుండా ఒక్క గుండీ కూడా కుట్టలేదు.