మామ కోయని టమోటా చేను

నిన్న పొద్దున ఆఫీసుకు రెడీ అవుతుంటే మామ నంబర్ నుంచి కాల్ వచ్చింది.

ఎత్తగానే "ఈ ఆదివారం గ్యారంటీగా వస్తా మామా" అన్నాను. హలో కూడా అనలేదు.

అవతల అత్త. "మీ మామ లేడప్పా" అంది.

చాలాసేపు ఆ మాట బుర్రకెక్కలేదు. చేతిలో దువ్వెన అలాగే ఉంది.

మీలో చాలామందికి మా మేనమామ తెలియదు. తెలియాలనే రాస్తున్నా. కోసిగి దగ్గర ఒక పల్లెలో మెట్ట రైతు. జీవితమంతా బుడ్డలే వేశాడు. బుడ్డలంటే మా వైపు వేరుశనగ.

పోయిన ఏడాది పక్షవాతం వచ్చి ఎడమ పక్క పడిపోయింది. కుడి చెయ్యి మాత్రం బాగానే ఆడేది. మంచం మీద పడుకుని కిటికీలోంచి మబ్బులు చూడటమే పని.

అప్పుడే నేను నా కొత్త స్మార్ట్‌ఫోన్‌లో ఎమ్యులేటర్ వేసుకున్నా. చేతిలో పట్టుకుని ఆడే ఆ చిన్న గేమ్ మెషిన్లు మనలో ఎవరు కొన్నారు గనక! ఆ గేములన్నీ ఫోన్‌లోనే ఆడిస్తుంది ఈ సాఫ్ట్‌వేర్. స్లోగా నడిచేది. సౌండ్ అయితే మరీ ఘోరం.

అందులో ఒకటి వ్యవసాయం గేమ్. బొటనవేలు ఆడితే చాలు.

ఒక ఆదివారం టైంపాస్‌కి మామ చేతిలో పెట్టా.

నేల దున్నడం ఐదు నిమిషాల్లో నేర్చుకున్నాడు. విత్తనాలు మాత్రం వెయ్యడు. గేమ్‌లో తెల్లవారుతుంది, బయటికొస్తాడు, చూస్తాడు, మళ్ళీ పోయి పడుకుంటాడు.

"విత్తు మామా, సీజన్ అయిపోతాది" అన్నా.

"వాన పడకుండా విత్తనమేస్తారాప్పా ఎవరన్నా?"

కాసేపటికి గేమ్‌లో వాన పడింది. హమ్మయ్య అనుకున్నా. మామ ఆ బుల్లి స్క్రీన్‌లో తడిసిన నేలను తేరిపార చూసి, "పదును చాలదప్పా, తడి లోపలికి దిగలేదు. ఇంకో వాన పడనీ" అన్నాడు.

సీజన్ మొత్తం అలాగే పోయింది. ఒక్క గింజ పడలేదు. నాకు నవ్వి నవ్వి కడుపు నొప్పి పుట్టింది.

అప్పుడు ఇంటి పక్కనే ఉన్న కుంట చూపించా. క్యాన్‌తో నీళ్ళు ముంచి పోసుకోవచ్చు మామా, వానతో పని లేదు అని చెప్పా.

మామ నవ్వలేదు.

"ఎప్పుడూ ఉంటాయా ఈ నీళ్ళు?"

"ఎప్పుడూ ఉంటాయి మామా."

"ఎండాకాలం కూడా?"

"ఎండాకాలం కూడా."

తన సొంత చేలో వేయించిన మూడు బోర్లూ ఎండిపోయాయి. నాకు తెలుసు. తెలిసి కూడా అంతసేపు నవ్వాను. ఇప్పుడు తలుచుకుంటే సిగ్గుగా ఉంది.

ఆ తర్వాత ప్రతి ఆదివారం ఆదోని నుంచి బస్సెక్కి ఫోన్ తీసుకుని పోయేవాణ్ణి. టమోటా వేశాడు. ఎవరైనా పలకరించడానికి వస్తే, "చేనికి పోయినాడు, పిలవొద్దండి" అనేది అత్త, మంచం వైపు చూపిస్తూ. గేమ్‌లో వాన పడితే ఆ పగిలిన సౌండ్ బుడ్డలు వేయించినట్టు వినిపించేది. మ్యూట్ చెయ్యబోతే ఒప్పుకునేవాడు కాదు.

మూడు వారాల కిందట కాయ ఎర్రబడింది. మామ మొహం చూడాలి! సరిగ్గా అప్పుడే నా తిరుగు బస్సు హారన్ కొట్టింది.

"వచ్చే ఆదివారం కోద్దువులే" అని, సేవ్ చేసి ఫోన్ తీసుకున్నా. తీసుకోవడం కాదు, లాక్కున్నా.

ఒక ఆదివారం ఫ్రెండ్ పెళ్ళి. ఇంకో ఆదివారం ఏ పనీ లేదు. ఊరికే పడుకున్నా.

మొన్న సాయంత్రం కాల్ చేశాడు. "కాయ కుళ్ళిపోతాదేమోప్పా."

"గేమ్ మామా అది. నేను ఆపేస్తే అంతా ఆగిపోతాది."

"పండినాక ఆగే చేను యాడుంటాదప్పా?"

నవ్వేసి పెట్టేశా. అదే ఆఖరి మాట.

నిన్న సాయంత్రానికే దహనం, అంతా అయిపోయింది. ఈ పొద్దున వాళ్ళ వసారాలో ఒక్కణ్ణే కూర్చుని ఫోన్ తెరిచా. మామ చేను ఎలా వదిలేశామో అలాగే ఉంది. కాయలన్నీ ఎర్రగా. ఇక దీన్ని ముట్టుకోకూడదు, ఇలాగే ఉంచేయాలి అనుకున్నా.

అత్త వచ్చి పక్కన కూర్చుంది. ఏడ్చి ఏడ్చి కళ్ళు వాచిపోయి ఉన్నాయి.

"ఇదేనా మీ మామ చేను?"

"ఇదే అత్తా."

"పండినట్టుండాదే. కోయలేదేమి?"

"ఆయన గుర్తుగా ఇట్లే పెట్టుకుందామని..."

"పండిన పంట చేన్లో పెట్టుకుంటారాప్పా? ఆయన ఊరుకుంటాడా? ఇట్లియ్యి. ఏది నొక్కాల?"

చూపించా. ఒక్కొక్కటే కోసింది. తప్పు బటన్ నొక్కి ఒక కాయ పారేసుకుని "అయ్యో" అంది. ఆఖరి కాయ దగ్గర ఆగింది.

"ఇది విత్తనానికి ఉండనీ."

ఆ గేమ్‌లో కాయ నుంచి విత్తనం తీయడం కుదరదు. అత్తకు చెప్పలేదు. ఆ కాయ కూడా కోసి, గేమ్‌లోని ఇంట్లోనే దాచిపెట్టి సేవ్ చేశా.

మామా, నీ చేను కోసేశాం. ఒక్కటీ కుళ్ళలేదు. ఒకటి మాత్రం అత్త పారేసింది, ఆమెను ఏమీ అనొద్దు.

నేను రావాల్సింది మామా. గంట ప్రయాణం. రాలేదు.

నువ్వు పోయిన చోట అదునుకు వాన పడాలి. పదును చాలాలి. మబ్బుల వైపు చూసే పని లేకుండా కంటినిండా నిద్రపో.