కొత్త కంపూచియా, వెల ముప్పావలా

సీతారామయ్య మాస్టారు రోజూ డోనట్ కొట్టుకు వెళ్తాడంటే తెనాలిలో ఆయన దగ్గర చదువుకున్నవాళ్ళెవరూ నమ్మరు. డెబ్బై రెండేళ్ళ మనిషి, పొద్దునా రాత్రీ షుగరు మాత్రలు మింగేవాడు, హైస్కూల్లో ముప్పై ఏళ్ళు తెలుగు పాఠం చెప్పి రిటైరైనవాడు. అమెరికాలోని నేపర్‌విల్‌లో కూతురు స్రవంతి ఇంటికి వచ్చిన రెండో వారం నుంచీ, మధ్యాహ్నం మూడు కాగానే ఇస్త్రీ చొక్కా తొడుక్కుని, జేబులో పెన్ను పెట్టుకుని, అరమైలు నడిచి ఆ కొట్టుకు పోతాడు. పోయి ఉత్త కాఫీ తాగి వస్తాడు. "ఆ కాఫీ ఏదో నేను కలిపివ్వలేనా?" అని భార్య బాలమణి దెప్పితే, "అక్కడ మాట్లాడ్డానికి మనిషి దొరుకుతుందే" అంటాడు. అదీ నిజమే. నేపర్‌విల్‌లో ఇళ్ళున్నాయి, కార్లున్నాయి, వారం వారం కత్తిరించే గడ్డి ఉంది. మనిషి మాత్రం ముందే ఫోన్ చేసి టైమ్ అడిగితేగాని దొరకడు.

కొట్టు బొఫా అనే కంబోడియా ఆవిడది. అరవై ఏళ్ళుంటాయి. తెల్లవారకముందే వచ్చి పిండి కలిపి, మధ్యాహ్నానికి ఖాళీ అయిన పళ్ళాలు తుడుచుకుంటూ కూర్చుంటుంది. మొదటిరోజు ఆయన జేబులో పెన్ను చూసి, "టీచరా?" అని అడిగింది. అవునన్నాడు. "మా భాషలో టీచర్ని క్రూ అంటాం" అంది. మన గురువే అక్కడికి వెళ్ళి క్రూ అయ్యాడని ఆయన అప్పటికప్పుడు ఒక పాఠం చెప్పేశాడు. ఆమె నవ్వి, "ఆ పెన్ను లోపల పెట్టుకో, క్రూ" అంది. చొక్కాకు సిరా అంటుతుందని చెబుతోంది కాబోలనుకున్నాడు ఆయన. ఇద్దరిదీ వచ్చీరాని ఇంగ్లీషే. అందుకే ఒకరి మాట ఒకరికి బాగా అర్థమయ్యేది. ఇద్దరూ వరిచేలు, తాటిచెట్లు ఉన్న దేశంలోంచి వచ్చినవాళ్ళు.

ఆమెకు తెలియనిది ఒకటుంది. అది తెలిస్తే ఆ కొట్టులో ఆయనకు ఇంకో కప్పు కాఫీ పుట్టదు.

ఇరవై నాలుగేళ్ళ వయసులో సీతారామయ్య బెజవాడలో ఒక చిన్న ప్రెస్సులో ప్రూఫులు దిద్దేవాడు. సాయంత్రాలు ఒక విప్లవ పార్టీ వెంట తిరిగేవాడు. దాని పేరు ఇప్పుడెందుకు, తర్వాత అది మూడు ముక్కలైంది, ముక్కలు మళ్ళీ ముక్కలయ్యాయి. కంబోడియాలో ఖ్మేర్ రూజ్ అనే కమ్యూనిస్టులు గెలిచి అప్పటికి రెండేళ్ళు. దేశం పేరు కంపూచియాగా మార్చారు. రాజధానిలో ఉన్న లక్షలమందిని రోజుల మీద పొలాలకు తోలేశారు. డబ్బు రద్దు చేశారు, బజారు మూశారు, బడీ గుడీ మూశారు. దాని మీద ఒక పుస్తకం కావాలని పార్టీవాళ్ళన్నారు. ఆ దేశాన్ని పటంలో తప్ప చూసి ఎరగని సీతారామయ్య, ఎక్కడి నుంచో వచ్చిన ఒక రంగుల పత్రికను ముందు పెట్టుకుని పదిహేను రోజుల్లో రాసి పారేశాడు. ‘కొత్త కంపూచియా’, నలభై ఎనిమిది పేజీలు, వెల ముప్పావలా. పేరు చోట ‘జ్వాల’ అని పెట్టుకున్నాడు. వయసు అలాంటిది అంటారు. ఆ వయసులో ఉన్నవాళ్ళంతా అలాంటివి రాయలేదు మరి.

ఆ తర్వాత రెండేళ్ళకు ఎముకల గుట్టల ఫొటోలు పేపర్లలో వచ్చాయి. తిండిలేక, రోగాలతో, దెబ్బలతో పదిహేను లక్షల నుంచి ఇరవై లక్షలమంది పోయారన్నారు, చదువుకున్నవాళ్ళను ఏరి ఏరి చంపారన్నారు. సీతారామయ్య చప్పుడు చేయకుండా పార్టీలోంచి తప్పుకున్నాడు, ట్రైనింగ్ చేశాడు, ఉద్యోగం తెచ్చుకున్నాడు. పెళ్ళయిన కొత్తలో అటకమీది ఆ పుస్తకాల కట్టను బాలమణికిచ్చి నీళ్ళకాగు కింద పెట్టమన్నాడు. కాగితం మంచిది, బాగా మండుతోందని ఆ పిల్ల సంబరపడింది. తప్పు రాశానని మాత్రం ఆయన ఎవరికీ ఒక కార్డు ముక్క రాయలేదు.

ఇంత తెలిసినవాడు నోరు మూసుకుని కాఫీ తాగవచ్చు కదా. మనవరాలు ఆద్యకు స్కూల్లో హిస్టరీ ప్రాజెక్ట్ ఇచ్చారు, వలస వచ్చిన ఒక మనిషి కథ రికార్డ్ చేసి తేవాలట. "నాకు తెలిసినావిడ ఉందమ్మా" అని మాస్టారే నోరు జారాడు. కొరివితో తల గోక్కోవడమంటే ఇదే. పదహారేళ్ళ ఆద్య అప్పుడే లైసెన్స్ తెచ్చుకుంది. తాతను పక్కన కూర్చోబెట్టుకుని కార్ వేసుకుని బయల్దేరింది.

బొఫా చాలాసేపు ఆద్య రికార్డింగ్ పెట్టి బల్లమీద ఉంచిన ఫోన్ వంక చూసింది. తర్వాత మొదలుపెట్టింది.

"మాది రాజధాని నాంపెన్. నాన్న టీచర్. మూడు రోజులు ఊరు వదలండి, అమెరికా బాంబులేస్తుంది అన్నారు సైనికులు. అప్పుడు నాకు పదేళ్ళు. నడుస్తుంటే నాన్న చెప్పాడు, ఎవరడిగినా నేను చెరకురసం అమ్మేవాణ్ణని చెప్పమ్మా అని. అక్కడ అందరూ తమ జీవిత కథ చెప్పాలి. ఎక్కడ పుట్టావు, మీ నాన్న ఏం చేసేవాడు, ఎంత పొలం. కొన్నాళ్ళకు మళ్ళీ చెప్పాలి. కథ మారితే ఆ మనిషి మర్నాడు ఉండడు."

సీతారామయ్య కప్పు కింద పెట్టాడు. వాళ్ళ పార్టీలోనూ కొత్తవాళ్ళ చేత జీవిత కథ రాయించేవారు, తాతల నాటి పొలాలతో సహా. అవి చదివి తప్పులు దిద్దే పని ఆయనదే. దాన్నాయన యాభై ఏళ్ళుగా తలుచుకోలేదు.

"పిల్లల్ని వేరే షెడ్లో పెట్టారు" అంది బొఫా. "నాకు పన్నెండేళ్ళప్పుడు ఒక అక్క వచ్చింది. నవ్వుతూ మాట్లాడింది. తాటిబెల్లం ముక్క చేతిలో పెట్టింది. బడి పెడుతున్నాం, చదువు చెప్పేవాళ్ళకు రెండు పూటలా అన్నం, మీలో ఎవరి నాన్నకైనా చదువొచ్చా అని అడిగింది. మా నాన్న అప్పటికి నిలబడలేకపోతున్నాడు. అన్నం పెడతారనుకున్నాను. చెప్పాను. ఏ గుడిసో చూపించమంది. వెంట వెళ్ళి చూపించాను. చదువుకుని వద్దువుగాని రా అని నాన్నను తీసుకెళ్ళారు. నాన్న నా చేతిలో బెల్లం చూశాడు. మళ్ళీ తిరిగి రాలేదు."

ఆద్య కళ్ళు తుడుచుకుంది. సీతారామయ్యకు ఏడుపు రాలేదు. తన పుస్తకంలోని ముప్పై ఒకటో పేజీ గుర్తొచ్చింది, అక్షరం పోకుండా. "కొత్త కంపూచియాలో పసిపిల్లలే పార్టీకి కళ్ళు. తల్లిదండ్రుల పాత బుద్ధులను వాళ్ళే పసిగట్టి చెబుతున్నారు. ఇంతకు మించిన చదువు ఏ దేశం చెప్పగలదు?" అది రాసిననాడు బాగా వచ్చిందని తనకు తనే టీ తెప్పించుకున్నాడు. ఆ ఏడే ఈమెకు పన్నెండేళ్ళు. తేలు కుట్టిన దొంగలా కిక్కురుమనకుండా కారెక్కాడు.

శనివారం బాలమణి చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తోంది. ఆద్య లాప్‌టాప్ ఎత్తుకుని పరుగెత్తుకొచ్చింది.

"తాతా, లుక్! కంబోడియా మీద తెలుగు బుక్. ఎవరో స్కాన్ చేసి ఆన్‌లైన్‌లో పెట్టారు. సెవెంటీ సెవెన్‌లోది! నాకు టైటిల్ ఒక్కటే చదవడం వచ్చింది. అప్పుడు వరల్డ్ ఏమనుకుందో నా ప్రాజెక్ట్‌లో ఒక సెక్షన్ ఉంది. నువ్వు చదివి ఇంగ్లిష్‌లో చెప్పు, రికార్డ్ చేస్తాను. బొఫా ఆంటీ కూడా వింటానంది. వెన్స్‌డే ఓకేనా?"

మాస్టారు తెరవైపు వంగి చూశాడు. ‘కొత్త కంపూచియా’, అదే ఎర్ర అట్ట, దానిమీద అదే పిడికిలి. బాలమణి ఆ అట్టను చూసింది, మొగుణ్ణి చూసింది, మళ్ళీ చిక్కుడుకాయలు అందుకుంది. మనవరాలు పైకి వెళ్ళాక మెల్లగా అంది.

"అన్నీ కాల్చాననుకున్నానండీ."

"మన దగ్గరున్నవి కాల్చావు. అమ్మినవి ఎక్కడెక్కడున్నాయో."

"దానికెటూ తెలుగు చదవడం రాదు. నోటికొచ్చిందేదో చెప్పెయ్యండి. ఎవరు చూడొచ్చారు?"

ఆయనకూ ఆ ఆలోచన రాకపోలేదు. మూడు రోజులు కొట్టువైపు వెళ్ళలేదు. గదిలో కూర్చుని, ఒక నోట్‌బుక్‌లో ఇంగ్లీషులో ఇంకో పుస్తకమే రాశాడు. అందులో జ్వాల కంబోడియా జనం కోసం దుఃఖపడ్డాడు, పారిపోయి వచ్చినవాళ్ళ గోడు వినండని లోకాన్ని వేడుకున్నాడు. రాశాక చదువుకుంటే నిజంగా బాగుంది, తనే నమ్మేలా ఉంది. అబద్ధం ఇంత తేలిగ్గా తన చేతికి వస్తుందని చూసుకుని మాస్టారు హడలిపోయాడు. అయినా బుధవారం ఆ నోట్‌బుక్కే చంకలో పెట్టుకుని బయల్దేరాడు. పదహారేళ్ళ పిల్ల కళ్ళలో తను ఏమైపోతాడోనన్న భయం ఆయనది.

కొట్టులో ఇంకెవరూ లేరు. బొఫా చేతులు తుడుచుకుని వచ్చి ఎదురుగా కూర్చుంది. ఆద్య ఫోన్ మధ్యలో పెట్టి ఎర్ర బొత్తాం నొక్కింది. ముందు లాప్‌టాప్ తెరిచి ఉన్నా, మాస్టారు చదివింది నోట్‌బుక్‌లోంచి. ఒక పేజీ అయ్యేసరికి బొఫా చేత్తో ఆగమంది.

"థాయ్‌లాండ్ శరణార్థుల క్యాంప్‌లో మేం చెప్పింది ఎవరూ నమ్మలేదు. మా కథలు రాసుకునేవాళ్ళు కూడా సగం నమ్మి సగం నమ్మనట్టే చూసేవాళ్ళు" అంది. ఆమె కళ్ళు మెరుస్తున్నాయి. "అప్పట్లోనే మీ దేశంలో ఒక మనిషి నమ్మాడన్నమాట. బతికున్నాడా, క్రూ? ఆయనకు దణ్ణం పెట్టుకోవాలి."

అన్నంతపనీ చేసింది. రెండు చేతులూ జోడించి నుదుటికి ఆనించుకుంది, తెరమీది ఎర్ర అట్టకు.

తిట్టినా, కొట్టినా సీతారామయ్య తట్టుకునేవాడేమో. ఆ దణ్ణానికి తట్టుకోలేకపోయాడు. ఆయన నోట్‌బుక్ మూసేశాడు.

"ఇది పుస్తకంలో లేదు. నేను కల్పించాను" అన్నాడు. లాప్‌టాప్ దగ్గరకు జరుపుకుని, వేలు పెట్టి, తెలుగు చదువుతూ ఇంగ్లీషులో చెప్పుకుంటూ పోయాడు. "సరిహద్దు దాటి వచ్చినవాళ్ళ ఏడుపులు నమ్మకండి. అవి మేడలు పోయినవాళ్ళ ఏడుపులు. ఆకలి ఎరగనివాళ్ళు చెప్పే ఆకలి కథలు." ముప్పై ఒకటో పేజీ దాటెయ్యాలని మనసు పీకింది. దాటలేదు. పసిపిల్లలే పార్టీకి కళ్ళు అన్న మాట దగ్గర ఆగాడు, ఆ వాక్యాన్ని మళ్ళీ మొదటినుంచి చదివాడు. "జ్వాల అంటే నేనే" అన్నాడు చివరికి.

 బొఫా కదల్లేదు. ఆద్య తాతను ఎన్నడూ చూడనట్టు చూసింది. తర్వాత మెల్లగా ఫోన్‌ని ఆయన మొహం దగ్గరకు జరిపి ఇంగ్లీషులోనే అడిగింది.

"తాతా, సే దట్ అగైన్. ఎవరు రాయమన్నారు? వాళ్ళ నేమ్స్ చెప్పు. మొత్తం చెప్పు."

బొఫా ఉలిక్కిపడింది. చటుక్కున చెయ్యి చాపి ఫోన్ మీద అరచెయ్యి మూసింది. 

"ఆపు. తీసెయ్ దాన్ని."

"బట్ ఆంటీ, ఇది నిజం కదా!"

"నేను ఆ అక్కకు చెప్పింది కూడా నిజమే" అంది బొఫా.

ఆద్యకు అర్థం కావడానికి ఒక క్షణం పట్టింది. చెయ్యి వెనక్కి తీసుకుంది. సీతారామయ్య క్షమించమని అడగబోయాడు.  బొఫా ఆయనవైపు తిరిగింది. ఆమె మొహంలో కోపం లేదు, జాలీ లేదు.

"ఈ పిల్ల కోసం ఆపించాను. నీ కోసం కాదు. రేపటినుంచి నువ్వు ఇక్కడికి రావద్దు."

ఆమె లేచి వెళ్ళి, అటు తిరిగి, తుడిచిన పళ్ళాలే మళ్ళీ తుడవసాగింది. వాళ్ళిద్దరూ బయటికొచ్చారు.

ఆద్య కార్ స్టార్ట్ చేసింది గానీ కదిలించలేదు. ఫోన్ ఆమె ఒళ్ళో ఉంది. అందులోది తీసేసిందో లేదో మాస్టారు అడగలేదు, అడిగే మొహం తనకు లేదు. పార్కింగ్ లాట్‌లో ఎవరో పిల్లాణ్ణి ఎత్తుకుని కిరాణా సంచీలతో నడిచి పోతున్నారు. వాళ్ళు వెళ్ళిపోయేదాకా ఆద్య అటే చూసింది.

"తాతా, ఆ బుక్‌ని ఎవరైనా నమ్మారా?"

లేదని చెప్పడానికి ఆయన నోరు తెరిచాడు. పిల్ల ఎదురు చూస్తోంది.

"నమ్మారమ్మా" అన్నాడు. "చాలక రెండోసారి కూడా అచ్చు వేశాం."