కాశీకి పోయిన పక్కింటామె

మొన్న కర్నూలు బస్సులో పక్క సీటాయన ఫోన్‌లో ఏదో కామెడీ ముక్క చూస్తూ ఒకటే నవ్వు. తొంగి చూస్తే మా చిన్నమ్మ! పాత టీవీ హాస్య సీరియల్లో పక్కింటామె వేషం. చక్కెర అడగడానికొచ్చి, లేదనిపించుకుని, మూతి మూడు వంకరలు తిప్పి వెళ్తుంది. అంతే ఆమె పని. "ఆమె మా అమ్మ చెల్లెలు" అని చెప్పేదాకా నాకు మనసు నిలవలేదు. చెప్పాక ఆయన నమ్మలేదు, అది వేరే సంగతి.

చిన్నమ్మది నందికొట్కూరు. మాది చర్చి కుటుంబం. హైదరాబాదులో షూటింగప్పుడు ఆమె నుదుటికి రూపాయి కాసంత బొట్టుబిళ్ళ అంటించేవారు. తిరుగు బస్సులో దాన్ని పీకి ముందు సీటు వీపుకు అంటించేసి, ఏమీ ఎరగనట్టు పాస్టరయ్య ఎదుట పడేది. ఆయనేం తక్కువ తిన్నాడా? ఆదివారం ఆరాధన అయిందో లేదో, "మీ సీరియల్లో ఆ కోడలు ఈ వారం ఏం జేస్తాదమ్మా?" అని ఆరా తీసేవాడు.

ఒక ఎండాకాలం కథ రాసేవాళ్ళు పక్కింటామెను కాశీయాత్రకు పంపించేశారు. చంపేసి ఉంటే ఏడ్చి ఊరుకునేది. కాశీకి పోయిన మనిషి ఎప్పుడైనా తిరిగి రావచ్చు కదా! ఆ ఆశ చిన్నమ్మను ఒకచోట కూర్చోనివ్వలేదు. వేరే సీరియల్లో అత్త వేషమొస్తే వద్దంది. షుగరుంది నడవమని డాక్టరు చెబితే, ఒళ్ళు తగ్గితే పక్కింటామె చీర నప్పదని నడవడం మానేసింది. ఫోన్ మోగితే పిండి చేతులతోనే పరుగు. చర్చిలో ప్రార్థన మనవులు చెప్పే వేళ, జ్వరాలూ, బోర్లలో నీళ్ళూ, పెళ్ళి సంబంధాలూ అయ్యాక తనూ లేచి, "పక్కింటామెను కాశీ నుంచి పిలిపించాలని ప్రార్థన చేయండయ్యా" అంది. పాస్టరయ్య కాస్త తడబడి, కళ్ళు మూసుకుని, "ప్రభువా, ఆ కథ రాసే బిడ్డ మనసు మార్చు" అన్నాడు. సంఘమంతా ఆమేన్ అంది. నేను బైబిలు ముఖానికి అడ్డం పెట్టుకుని నవ్వాను.

ప్రార్థన ఫలించింది. పక్కింటామె కాశీ నుంచి వచ్చింది, ఇంకొకామె ముఖంతో. అదే చీర, అదే బొట్టు. చిన్నమ్మకు ముందుగా ఎవరూ ఒక్క మాట చెప్పలేదు. సీరియల్ చూడ్డానికొచ్చిన ఇరుగుపొరుగు ఇంటినిండా ఉన్నారు. నాకైతే టీవీని ఎత్తి నేలకు కొట్టాలన్నంత కోపం, దాని వెనకే ఏడుపు. చిన్నమ్మ ఆఖరిదాకా చూసింది.

"ఆయమ్మ బాగానే చేస్తాండాది" అంది. ఆ గొంతు నేనెప్పుడూ విన్నది కాదు.

మరునాడు పొద్దున్నే చూస్తే సంచి సర్దుతోంది.

"యాడికి చిన్నమ్మా?"

"హైదరాబాదుకే. ఏదన్నా వేషం ఉంటాదేమో అడుగుతా. నేను కాశీ నుంచి వచ్చేసినా గదా, ఇంక ఈడేం పని?"

జిప్పు సరిగ్గా పడకముందే వాకిలి దాటేసింది. ఆ తర్వాత పనిమనిషి, పెళ్ళిళ్ళ పేరమ్మ, ఆసుపత్రి ఆయమ్మ, ఏది దొరికితే అది వేసింది. ఇప్పటికీ వేస్తూనే ఉంది. ఎవరో పిలుస్తారని ఆగిపోయిన రోజులు కూడా మన ఆయుష్షులోంచే పోతాయని ఆమెకు ఆ పొద్దున తెలిసింది, నాకు ఇదుగో, ఇప్పుడు తెలుస్తోంది.